బుధవారం అని రాశాను

నీ ఉద్యోగం ఏమిటని అడిగితే సర్వీసు మొత్తంలో ఒక్కసారి కూడా తిన్నగా చెప్పలేకపోయాను. పోలీసునా అంటే కాదు. జడ్జీనా అంటే అదీ కాదు. ఓట్లతో గెలిచినవాళ్లు గెలిచాక ఎలా నడుచుకుంటున్నారో చూసే దఫ్తరు ఒకటి హైదరాబాదులో ఉండేది. అందులో నేను విచారణాధికారిని. సర్పంచి మీదో మండలాధ్యక్షుడి మీదో ఎమ్మెల్యే మీదో జనం అర్జీ పెట్టుకుంటే, ఆ కాగితాన్ని సంచిలో వేసుకుని ఊరికి పోయి, చూసి, అడిగి, రాసుకుని రావడం నా పని. శిక్ష వేసే అధికారం మాకు లేదు. ఫలానా వారి నడవడి సరిగా లేదని పైకి రాయడం వరకే. మా అమ్మ దీన్ని ఒక్క ముక్కలో తేల్చేసింది. ఊళ్లోవాళ్ల తప్పులు వెతికే నౌకరీ అనేది.

మాది కోరుట్ల. అందుకని జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల వైపు ఫైళ్లన్నీ నా బల్ల మీదికే వచ్చేవి. నా మీద అభిమానంతో కాదు. ఆ రోజుల్లో అటు పోవడానికి దఫ్తరులో ఇంకెవరూ ముందుకు వచ్చేవారు కాదు. నక్సలైట్లను అక్కడ అన్నలు అనేవారు. ఊళ్లలో అన్నలు తిరిగేవారు, అన్నల కోసం పోలీసులు తిరిగేవారు, ఈ ఇద్దరి నడుమ బస్సులో నేను తిరిగేవాణ్ని. జీపు ఇస్తామన్నా వద్దనేవాణ్ని. ఆ రోడ్ల మీద సర్కారు జీపు కంటే బస్సే క్షేమం.

నా సంచిలో రెండు వస్తువులు ఎప్పుడూ ఉండేవి. కొలత టేపు ఒకటి, నీలం, ఎరుపు రంగులు రెండూ రాసే పెన్ను ఒకటి. సాక్షి చెప్పింది నీలంతో రాసుకుని, అనుమానం ఉన్న చోట ఎరుపుతో గీత గీసేవాణ్ని. రబ్బరు ముద్ర, సిరా డబ్బీ మాత్రం జగిత్యాలలో నేను దిగే గెస్ట్ హౌస్‌లోనే పెట్టెలో పెట్టేవాణ్ని. సర్కారు ముద్ర జేబులో పెట్టుకుని ఆ ఊళ్లలో తిరగడం అంత తెలివైన పని కాదని నా లెక్క. అంత తెలివైనవాణ్నని అప్పట్లో నాకు గట్టి నమ్మకం ఉండేది.

ఆ అర్జీ గంభీరావుపేట దాటాక ఉన్న ఒక ఊరి నుంచి వచ్చింది. ఊరి పేరు రాయను. మండలాలు కొత్తగా వచ్చిన రోజులవి. సాలెవాడకు, అంటే నేతపని చేసుకునేవాళ్లు ఉండే వాడకు, ఒక బోరింగు మంజూరయింది. చేతిపంపును అక్కడ బోరింగనే అంటారు. మండలాధ్యక్షుడు దాన్ని సాలెవాడలో కాకుండా, ఆ వాడ చివర ఉన్న తన పశువుల కొట్టంలో వేయించుకున్నాడు. చుట్టూ గోడ కట్టి తలుపు పెట్టాడు. వాడవాళ్లు తనకు ఓటు వేయలేదన్న అనుమానం కలిగినప్పుడల్లా ఆ తలుపుకు తాళం పడేది.

అర్జీ పెట్టింది ఒక నేతగాడి భార్య. బీడీలు చుట్టే మనిషి. గుండ్రటి అక్షరాలతో తనే రాసి, తన పేరే పెట్టి, తనే సంతకం చేసింది. మా దఫ్తరు నియమం అదే. పేరు లేని అర్జీ తీసుకోం. ఆ రోజుల్లో ఒక మండలాధ్యక్షుడి మీద పేరు పెట్టి అర్జీ రాయడమంటే మాటలు కాదు. నేను ఆమె ఇంటికి పోయినప్పుడు భర్త గుంటమగ్గంలో కూర్చుని నేస్తున్నాడు. తల ఎత్తి నమస్కారం పెట్టి మళ్లీ నేతలో పడ్డాడు. ఆమే చెప్పింది.

"మా ఆయన ఒద్దనే అన్నడు సారు. నేనే పెట్టిన. గీ ముచ్చట్ల ఆయనకేం సంబంధం లేదని రాసుకోండ్రి."

రాసుకున్నాను. నీలంతోనే.

అప్పటికే మండలాధ్యక్షుడికి రెండుసార్లు రిజిస్టర్డు పోస్టులో నోటీసు పంపాను. రెండుసార్లూ, చిరునామాదారు ఊళ్లో లేరని తిరిగి వచ్చింది. ఊళ్లో లేని మనిషి రోజూ తన అరుగు మీద కుర్చీ వేసుకుని కూర్చునేవాడని వాడలో అందరూ చెప్పారు. నాకు ఒళ్లు మండింది. నా కోపం గురించి దఫ్తరులో అందరికీ తెలుసు. అది నిజాయితీకి గుర్తని నేను అనుకునేవాణ్ని, తొందరపాటని వాళ్లు అనుకునేవాళ్లు.

అది శనివారం మధ్యాహ్నం. నేను కొట్టం కొలిచాను. బోరింగు గోడకు లోపల, సాలెవాడ దారికి ఆరడుగుల దూరంలో ఉంది. ఆ ఆరడుగుల కోసమే ఇదంతా. మండలాధ్యక్షుడి ఇంటికి పోతే తాళం. పెళ్లికని ఇంటిల్లిపాదీ సిరిసిల్ల పోయారట. సరే, పోస్టు తీసుకోనివాడి తలుపుకే నోటీసు అంటిస్తానని అనుకున్నాను. అలా అంటించవచ్చని మా నియమాల్లో ఉంది. కాకపోతే పక్కన ఇద్దరు పంచులు, అంటే సాక్షులు, సంతకం పెట్టాలి. వాడలో ఒక్కరు కూడా రాలేదు. వాళ్లను తప్పుపట్టను. వాళ్లు ఆ ఊళ్లో బతకాలి, నేను బస్సెక్కి పోతాను.

అదే అరుగు మీద కూర్చుని, తెల్ల కాగితం మోకాలి మీద పెట్టుకుని రాయడం మొదలుపెట్టాను. రెండు మాటలకే నీలం అయిపోయింది. ఎరుపు నొక్కి మిగతాదంతా దానితోనే రాశాను. మీ మీద ప్రజలు చేసిన ఫిర్యాదుపై విచారణ జరుగుచున్నది, బుధవారం ఉదయం పదకొండు గంటలకు హాజరు కావలెను, స్థలము తరువాత తెలుపబడును, హాజరు కానియెడల మీరు లేకుండానే నిర్ణయము తీసుకొనబడును అని రాసి, కింద గీతల్లాంటి నా సంతకం గీకాను. హోదా రాయలేదు. హోదా ఎప్పుడూ ముద్రలోనే ఉంటుంది, ఆ ముద్ర జగిత్యాలలో ఉంది. స్థలం ఎందుకు రాయలేదంటే, గంభీరావుపేటలో గది దొరుకుతుందో లేదో నాకింకా తెలియదు.

అంటించడానికి అర్జీ పెట్టిన ఆమెనే కొంచెం అన్నం గంజి అడిగాను. నూలుకు పట్టించే గంజి కంచుడులో మిగిలి ఉందని అదే తెచ్చి ఇచ్చింది. తలుపు నడిమధ్య అంటించి, చేతులు దులుపుకుని, సాయంత్రం బస్సెక్కాను.

ఆదివారం కోరుట్లలో మా అమ్మ దగ్గర ఉన్నాను. అన్నం పెడుతూ నా వేళ్లకు అంటిన ఎరుపు చూసింది. "గంత ఎర్రగ ఏం రాసినవురా? గీ రోజుల్ల ఎర్రటిది చేతుల పట్టకు," అంది. నవ్వేశాను. సబ్బు పెట్టి కడుక్కున్నాను కూడా.

ఆ తాలూకాల్లో పుట్టి పెరిగినవాణ్ని. తలుపు మీద ఎర్ర అక్షరాల కాగితం కనబడితే అక్కడ ఎవరైనా ఏమనుకుంటారో నాకు తెలియాలి. అన్నల నోటీసు అనుకుంటారు. పైగా నేను రాసిన భాష చూడండి. ప్రజల ఫిర్యాదు, విచారణ, హాజరు కావలెను, నిర్ణయము తీసుకొనబడును. సర్కారు భాషకూ అన్నల దళం భాషకూ అంత పోలిక ఉందని అప్పటిదాకా నాకు తట్టలేదు. పప్పులో కాలు వేశానని ఆ ఆదివారం నాకు ఇంకా తెలియదు.

సోమవారం పొద్దున జగిత్యాల బస్‌స్టాండు పక్క హోటల్లో చాయ్ తాగుతూ పేపరు తెరిచాను. లోపలి పేజీలో చిన్న వార్త. దళం నోటీసు ఇచ్చినందున మండలాధ్యక్షుడు పదవికి రాజీనామా చేస్తున్నట్టు ప్రకటించాడని, ఇకమీదట ఏ రాజకీయంలోనూ ఉండనని ప్రజలకు మాట ఇచ్చాడని ఉంది. అప్పట్లో అలాంటి ప్రకటనలు వారానికొకటైనా కనబడేవి. దాని కిందనే ఇంకో రెండు వాక్యాలు. నోటీసు అంటించిన కేసులో ఆ ఊరి నేత కార్మికుణ్ని ఒకణ్ని పోలీసులు అదుపులోకి తీసుకున్నారట. కాగితం వెనక నూలు గంజి ఉంది గనుక అనుమానం సాలెవాడ మీదికి పోయిందట.

చాయ్ చల్లారిపోయింది. ఏం జరిగిందో ఆ క్షణమే నాకు మొత్తం అర్థమైంది. ఇంకెవరో అయి ఉంటారని సర్దిచెప్పుకునే వీలు కూడా లేదు. ఆ రోజుల్లో అలా తీసుకుపోయిన మనుషుల్లో కొందరు తిరిగి ఇంటికి రాలేదు. అది కూడా నాకు తెలుసు.

జగిత్యాల నుంచి అతన్ని పెట్టిన ఠాణాకు రెండు బస్సులు మారితే చాలు. మధ్యాహ్నానికి చేరేవాణ్ని. నేను పోస్టాఫీసుకు పోయి హైదరాబాదుకు ట్రంకు కాల్ బుక్ చేశాను. గంటన్నర తర్వాత మా పెద్దసారు లైనులోకి వచ్చాడు. జరిగింది చెప్పాను. ముద్ర ఉందా అని అడిగాడు. లేదన్నాను. పంచుల సంతకాలు ఉన్నాయా అని అడిగాడు. లేవన్నాను.

"అయితే అది మన నోటీసు కాదు. మనది కాని కాగితాన్ని మనదని నువ్వు పోయి చెప్పకు. నేను ఆలోచించి చెబుతాను, అక్కడే ఉండు," అన్నాడు.

ఆ నెలలోనే ప్రమోషన్ల జాబితా రావలసి ఉంది. నా పేరు అందులో మొదటిది. ఆయన ఆ మాట ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు. ఇద్దరి మనసులోనూ అదే ఉంది.

అక్కడే ఉన్నాను. సోమవారం గడిచింది, మంగళవారమూ గడిచింది. ఫోను రాలేదు. గెస్ట్ హౌస్ గదిలో కూర్చుని, ఖాళీగా ఉండలేక, మల్లాపూర్ వైపు ఒక సర్పంచి కేసులో రిపోర్టు రాశాను. మేము అడిగిన వివరణ అతను పన్నెండు రోజులు ఆలస్యంగా ఇచ్చాడు. అది ఉద్దేశపూర్వకమైన జాప్యమనీ, ప్రజాపదవిలో ఉన్నవారికి తగనిదనీ రాశాను. మంగళవారం మధ్యాహ్నం, ఆ గదిలో, నా చేత్తోనే. ఇప్పుడు తలుచుకుంటే నా మీద నాకే అసహ్యం వేస్తుంది.

బుధవారం పొద్దున గడ్డం గీసుకుంటుంటే గుర్తొచ్చింది. పదకొండు గంటలకు విచారణ. నేనే పిలిచిన విచారణ. పిలిచినవాణ్నే పోకుండా కూర్చున్నాను. ఆ తర్వాత ఎవరి ఫోను కోసమూ చూడలేదు. మొదటి బస్సెక్కాను.

ఠాణా గోడ నీడన ఆమె కూర్చుని ఉంది. ఒళ్లో చాట, చాటలో ఆకు, తంబాకు. బీడీలు చుడుతోంది. ఆ రోజు కట్టలు ఆ రోజే కార్ఖానాకు చేరాలి, మొగుడు లోపల ఉన్నా సరే. నన్ను చూసి లేవలేదు. చేతులు ఆపలేదు.

"హైదరాబాద్ సారు పెట్టిండని చెప్పిన. బస్సుల అచ్చే ఆఫీసరు ఎవడని నవ్విండ్రు. మీరు అస్తరని చెప్పిన సారు, ఎవ్వలు నమ్మలే," అంది.

ఎస్సై కుర్రవాడు. నా గుర్తింపు కార్డు రెండు వైపులా చూశాడు. మీకింకో రంగు దొరకలేదా అని అడిగాడు. ఆ తర్వాత ఒక తెల్ల కాగితం నా ముందు పెట్టి, అదే నోటీసు అదే పెన్నుతో మళ్లీ రాయమన్నాడు. ఎందరి చేతో అలా రాయించి చేతిరాతలు పోల్చినవాణ్ని నేను. తల వంచుకుని రాశాను. అతను రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి, అక్షరం అక్షరం చూసి, తల ఆడించి, నా వాంగ్మూలం రాసుకోవడం మొదలుపెట్టాడు. మనిషిని లోపల పెట్టిన సంగతి మీకు ఎప్పుడు తెలిసిందని అడిగాడు.

ఆమె అప్పటికి లేచి గుమ్మం దగ్గర నిలబడి ఉంది.

"ఇవాళే," అన్నాను. "పేపర్లో చూసి, వెంటనే వచ్చాను."

రాసుకున్నాడు. తేదీ పక్కన బుధవారం అని రాసి, నేను నీలం సిరాతో సంతకం పెట్టాను. వాళ్ల పెన్నే.

కొంతసేపటికి భర్తను బయటికి తెచ్చారు. నడుస్తున్నాడు. కుడిచేతికి తువ్వాలు చుట్టి ఉంది. నన్ను చూసి ఆ చేతిని వెనక్కి పెట్టుకుని, ఎడమ చేత్తో నమస్కారం పెట్టాడు. నేను చేసిన మేలుకు కృతజ్ఞతగా ఇద్దరూ నన్ను బస్సుదాకా సాగనంపారు. అంత సిగ్గు నేను జీవితంలో ఎప్పుడూ పడలేదు. అయినా బస్సెక్కి వచ్చేశాను.

తర్వాతి సంగతులు ఫైల్లో ఉన్నాయి. నోటీసు అన్నలది కాదని తేలగానే మండలాధ్యక్షుడు జగిత్యాలలో తాను దాక్కున్న చుట్టాలింటి నుంచి తిరిగొచ్చాడు. రాజీనామా పేపర్లో ఇచ్చానే గాని ఆఫీసులో ఇవ్వలేదన్నాడు. అయితే ఒకసారి వణికిన మనిషి, విచారణకు ఈసారి పది నిమిషాలు ముందే వచ్చాడు. అతని నడవడి సరిగా లేదని రాశాను. కొట్టం గోడ ఆరడుగులు వెనక్కి జరపాలని ఉత్తర్వు వచ్చింది, జరిపారు. బోరింగు వాడకు వచ్చింది. దఫ్తరులో అది నా పెద్ద విజయాల్లో ఒకటిగా చెప్పుకునేవారు. ముద్ర లేని నోటీసు గురించి నాకొక మెమో ఇచ్చి, తప్పు తెలిసిన వెంటనే ఈ అధికారి స్వయంగా పోయి సరిదిద్దుకున్నాడు గనుక చర్య అవసరం లేదని మూసేశారు. ప్రమోషన్ వచ్చింది. దాని మీద ఇంకొకటి వచ్చింది. వెంటనే అన్న ఒక్క మాట మీద నా మిగతా నౌకరీ అంతా నిలబడింది.

రిటైరయ్యాక జగిత్యాలలో ఇల్లు కట్టుకున్నాను. పొద్దుపోక ఊళ్లు తిరిగేవాణ్ని గాని, ఆ ఊరు పోలేదు. చాలా ఏళ్లు పోలేదు. ఆఖరికి ఒక రోజు, పని ఏమీ లేకుండానే, సిరిసిల్ల బస్సెక్కి, అక్కడి నుంచి ఆటోలో పోయాను.

బోరింగు ఉంది. ఇప్పుడు ఇంటింటికీ నల్లాలు ఉన్నాయట, దాన్ని ఎవరూ కొట్టడం లేదు. వాళ్ల ఇంట్లో గుంటమగ్గం లేదు, ఆ గుంట పూడ్చి సిమెంటు చేశారు. ఆమె కళ్లద్దాలు పెట్టుకుని బీడీలు చుడుతోంది. భర్త చరఖా దగ్గర కూర్చుని ఎడమ చేత్తో కండెలు చుడుతున్నాడు. నాడెలో పెట్టే నూలు చుట్టడం అది. నేతగాళ్ల ఇళ్లలో ఆ పని ఆడవాళ్లది, ముసలివాళ్లది. ఆయన నలభై నిండకముందు నుంచీ అదే చేస్తున్నాడని ఆమె చెప్పింది. కుడిచేతి వేళ్లు రెండు వంగవు. తెగిన పోగు ముడి వేయడానికి ఆ రెండు వేళ్లే కావాలి.

కుర్చీ వేశారు, చాయ్ ఇచ్చారు. నా పిల్లల గురించి అడిగారు. తమ బిడ్డ సిరిసిల్లలో టీచరని చెప్పారు. ఇక లేచి వచ్చేద్దామనుకుంటుండగా ఆమె, చేతులు ఆపకుండానే, నన్ను చూడకుండానే అడిగింది.

"సారు, ఒక్క ముచ్చట. మా బిడ్డ పెద్దగైనంక పాత పేపరు దొరికిచ్చుకొని సదివింది. అది సోమారం పేపరట. మీరు బుధారం సూసిన అన్నరు."

తప్పు చేసినవాళ్లను ఎదురుగా కూర్చోబెట్టుకుని ఇలాంటి ప్రశ్నలు అడగడమే నా వృత్తి. ఎంతమంది ఎన్ని రకాలుగా తప్పించుకుంటారో నాకు తెలుసు. ఆ పేపరు నా చేతికి ఆలస్యంగా వచ్చిందని చెప్పవచ్చు. గుర్తులేదని చెప్పవచ్చు. ఆమె ఇంకేమీ అడిగేది కాదు.

"సోమవారమే చూశానమ్మా," అన్నాను. "చాయ్ తాగుతూ చూశాను. నౌకరీకి భయపడి రెండు రోజులు గదిలో కూర్చున్నాను. ఠాణాలో అబద్ధం చెప్పాను."

ఆమె బీడీకి దారం చుట్టి, పక్కన పెట్టి, ఇంకో ఆకు తీసుకుంది. భర్త చరఖా ఆపాడు. నా వైపు తిరిగి, కోపం లేకుండా, ఎవరో ఏదో అడిగితే చెప్పినట్టు చెప్పాడు.

"సోమారం పొద్దుగూకేదాక నా చెయ్యి మంచిగనే ఉండె సారు. మంగళారం కొట్టిండ్రు."

కండె నిండింది. దాన్ని తీసి, కొత్తది పెట్టుకున్నాడు.